మూడో శ్రేణి గేదె

రాచగుంట పశువుల ఆసుపత్రిలో వైద్యం ఆపి పశువులను అర్థం చేసుకోవడం మొదలుపెట్టిన తొమ్మిదో రోజున మాలకొండయ్య గేదెకు పొదుగు వాచింది.

అంతకుముందు అక్కడి పద్ధతి మోటుగా ఉండేది. జబ్బు చేసిన పశువును తోలుకొచ్చేవాళ్లు. అటెండరు మస్తాన్ వలి దాన్ని ఇనపగొట్టాల బోనులో నిలబెట్టి పలుపు బిగించి పట్టుకునేవాడు. డాక్టరు రంగనాయకులు సూది వేసేవాడు. పశువు ఒకసారి తన్ని ఊరుకునేది. మస్తాన్ ఒకసారి తిట్టి ఊరుకునేవాడు. అందరూ ఇళ్లకు పోయేవాళ్లు. ఈ మొత్తం వ్యవహారంలో పశువు అభిప్రాయం ఎవరూ అడగడం లేదన్న సంగతి రాజధానిలో జరిగిన ఒక సభలో బయటపడింది. సభకు వెళ్లినవాళ్లు పదకొండు రోజులు అక్కడే ఉండి, పశువులకు మనసుంటుందని తీర్మానించి, మూడు పూటలా భోంచేసి తిరిగి వచ్చారు. వస్తూ ఒక ఉత్తర్వు తెచ్చారు. ప్రవర్తనను పరిశీలించి శ్రేణి నిర్ణయించనిదే ఏ పశువు ఒంటిమీదా చెయ్యి వేయరాదు. నిర్ణయించడానికి ఆసుపత్రికొక ప్రవర్తనాధికారి.

రాచగుంటకు వచ్చిన అధికారి పేరు విశ్వమోహనరావు. అప్పటిదాకా ఆయన ఏవో గిడ్డంగుల్లో బస్తాల మీద ముద్రలు వేయించే ఉద్యోగంలో ఉన్నాడు. పశువులతో ఆయన పరిచయం పెరుగు దగ్గర మొదలై పెరుగు దగ్గరే ఆగిపోయింది. అందువల్ల ఆయనకు ముందస్తు అభిప్రాయాలు లేవని పైవాళ్లు మెచ్చుకున్నారు.

ఇవేవీ మాలకొండయ్యకు తెలియవు. పొద్దున పాలు పితకబోతే బొట్టుగేదె ముందు చన్నులోంచి పసుపుపచ్చని నీళ్లు, విరిగిన పాల ముక్కలు, సన్నగా నెత్తురు జీర వచ్చాయి. పొదుగు చేత్తో ముట్టుకుంటే కాలిన పెనంలా ఉంది. అతడికి అరవై రెండేళ్లు. ఇలాంటివి చూసినవాడే. ఆ పూటే సూది పడాలి, చన్నులోకి మందు ఎక్కించాలి. ఆలస్యమైతే చన్ను రాయిలా బిగుస్తుంది, ఇక తెరుచుకోదు. ఒకటి పోతే రెండోది దాని వెంట పోతుంది. నాలుగూ పోయిన గేదెను బేరమాడటానికి ఇంటికి వచ్చేవాడు ఒక్కడే ఉంటాడు. వాడు పాల కోసం రాడు.

ఇంట్లో అతడు కాక మిగిలిన ప్రాణం అదొక్కటే. చింతలగుడిపాడు నుంచి ఆరు కిలోమీటర్లు కాళ్లు ఎడంగా వేసుకుంటూ నడిచింది.

"పొద్దున్నే వచ్చి మంచి పని చేశావ్ బాబాయ్," అన్నాడు గేటు దగ్గర మస్తాన్. "రేపటికన్నా సూదికి నీ వంతొచ్చిద్ది."

"లోపల ఒక్క గొడ్డు కూడా లేదు గదరా."

"గొడ్లు లేవు. ఫారాలున్నయ్."

మందుల గదిని సంప్రదింపుల గదిగా మార్చారు. మందుల బీరువాను వరండాలోకి నెట్టి తాళం వేశారు. గదికి నీలం రంగు వేశారు, అది పశువులకు ప్రశాంతత కలిగిస్తుందట. మూలనున్న పెట్టెలోంచి వీణ వినిపిస్తోంది. కింద చాప. దాని మీద పశువు, ఎదురుగా కుర్చీలో విశ్వమోహనరావు. ఆయన మెడలో గుర్తింపు కార్డు, దానితోపాటు బీరువా తాళంచెవి వేలాడుతున్నాయి. కిటికీలోంచి చూస్తే అవతలి గదిలో డాక్టరు రంగనాయకులు ఖాళీ బల్ల ముందు కూర్చుని గోళ్లు చూసుకుంటున్నాడు.

ఫారంలో అరవై నాలుగు ప్రశ్నలున్నాయి.

"సదరు పశువు పేరు?"

"బొట్టుగేదె."

"అది వర్ణన. పేరు కావాలి."

"ఎట్టా పిలిచినా అది పలకదండి. రాసుకోండి."

"దూడప్రాయంలో తల్లి నుంచి ఎప్పుడు వేరుపడింది?"

"తల్లిని అమ్మినప్పుడు."

"ఆ వియోగం గురించి దానితో ఎవరైనా మాట్లాడారా?"

మాలకొండయ్య మస్తాన్ వైపు చూశాడు. మస్తాన్ పైకప్పు వైపు చూశాడు.

"లేదండి. అప్పుడది మేత మేస్తా ఉంది."

"అపరిచితులను చూసినప్పుడు దాని స్పందన?"

"చూసిద్ది."

"ఇష్టంగానా, అయిష్టంగానా, తటస్థంగానా?"

"గేదె మాదిరిగా."

విశ్వమోహనరావు తటస్థం అని రాసుకున్నాడు. అరవై మూడు ప్రశ్నలు అయ్యేసరికి ఎండ నడినెత్తికి వచ్చింది. అరవై నాలుగోది ప్రశ్న కాదు, పరీక్ష. అధికారి లేచి, చొక్కా చేతులు మడిచి, రెండు వేళ్లతో వాచిన పొదుగును నొక్కాడు. గేదె తన్నింది. ఫారాల అట్ట కిటికీ దాటి డాక్టరు బల్ల మీద పడింది.

"ప్రతికూల ప్రవర్తన," అన్నాడు విశ్వమోహనరావు. ఆయన ముఖంలో కోపం లేదు, తృప్తి ఉంది. "మూడో శ్రేణి."

"వాపు మీద నొక్కితే నొప్పికి తన్నిందండి."

"నొప్పి వైద్య విభాగం పరిధిలోది. తన్నడం మా పరిధిలోది. వరసలో మేం ముందు. మొదటి శ్రేణి పశువుకు మాత్రమే వైద్యుడు చికిత్స చేయవలెను. మూడో శ్రేణి పశువుకు మూడు దఫాలు అవకాశం ఇవ్వబడుతుంది. వాటిలో ఒక్క దఫా అయినా సంపూర్ణ సహకారం కనబరచవలెను."

"మూడు దఫాలంటే?"

"మూడు రోజులు."

"అప్పటికి చన్ను ఉండదండి."

"చన్ను గురించి ఫారంలో గడి లేదు."

ఆ వారం సూది వేయించుకున్నవి నాలుగు మేకలు. వాటికి జబ్బు లేదు. జబ్బు లేదు గనక ఎక్కడ ముట్టుకున్నా ఎవరినీ కుమ్మలేదు. నాలుగూ పూర్తిగా కోలుకున్నట్టు రికార్డులో రాశారు. జిల్లా మొత్తం మీద నూటికి నూరు శాతం కోలుకున్న ఆసుపత్రి ఇదేనని పైనుంచి అభినందన కూడా వచ్చింది.

మాలకొండయ్య తర్వాత ఒక గొర్రెలకాపరి గొర్రెను భుజాల మీద మోసుకొచ్చి చాప మీద పడుకోబెట్టాడు. అది కదల్లేదు. విశ్వమోహనరావు అడిగిన ప్రశ్నలకు కాపరి జవాబులు చెప్పాడు. చివర అధికారి దాని కాలు ఎత్తాడు, చెవి లాగాడు, కనురెప్ప విప్పాడు, తోక మెలిపెట్టాడు. గొర్రె అన్నింటికీ ఒప్పుకుంది.

"ఇంతటి సహకారం నా అనుభవంలో లేదు," అన్నాడాయన. మొదటి శ్రేణి రాసి, ముద్ర వేసి, డాక్టరు దగ్గరికి పంపాడు.

డాక్టరు గొర్రె మీద చెయ్యి వేసి, తీసి, కిటికీ దగ్గరికి వచ్చాడు. "ఇది చచ్చిపోయిందండీ."

"ఎప్పుడు?"

"ఒళ్లు చల్లబడటం చూస్తే ఇరవయ్యో ప్రశ్న దగ్గర."

"మా గదిలో ఉన్నంతసేపు దాని ప్రవర్తన మచ్చలేనిది. తర్వాత జరిగినదానికి మీ విభాగం సంజాయిషీ రాయవలసి ఉంటుంది."

డాక్టరు సంజాయిషీ రాయడానికి కూర్చున్నాడు. గొర్రె పత్రాన్ని ఆదర్శ పత్రంగా వరండా గోడకు అంటించారు. కాపరి గొర్రెను మళ్లీ భుజాల మీద వేసుకుని, గేటు దాటాక మస్తాన్‌ని అడిగాడు.

"ఆ కాయితం నాకియ్యరా అన్నా? కూర వండుకునేటప్పుడు చూసుకుంటా."

మాలకొండయ్య ఇంటికి పోలేదు. గేదెను నడిపిస్తే వాపు పెరుగుతుందని ఆసుపత్రి గోడవారనే కట్టేశాడు. మస్తాన్ టీ కాచే గిన్నెలో నీళ్లు వేడిచేసి తెచ్చాడు. ఇద్దరూ గుడ్డ తడిపి కాపడం పెట్టబోయారు. గేదె ఇద్దరినీ తన్నింది. మస్తాన్ పక్కటెముకలు తడుముకుంటూ, "మూడో శ్రేణి," అన్నాడు.

రెండో రోజుకు ముందు చన్ను బిగిసిపోయింది. వెనకది వేడెక్కింది. గేదె నెమరు మానేసింది.

రెండో దఫాను విశ్వాస నిర్మాణ దఫా అంటారు. విశ్వమోహనరావు గేదె కళ్లలోకి చూస్తూ చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"నా పేరు విశ్వమోహనరావు. నేను నీ శ్రేయోభిలాషిని. నీ సమ్మతి లేకుండా ఇక్కడ ఏమీ జరగదు."

గేదె ఉచ్చ పోసింది. చాప తడిసి, వీణ పెట్టె తీగ దాకా వెళ్లింది. వీణ ఆగిపోయింది.

"భావ వ్యక్తీకరణ మొదలైంది," అని రాసుకున్నాడాయన. మళ్లీ రెండు వేళ్లతో నొక్కాడు. మళ్లీ తన్ను. ఈసారి ఆయన పక్కకు జరిగాడు, గోడ నీలం రంగు పెచ్చులూడింది.

"ఇంట్లో దీని పాలు పితికేది ఎవరు?"

"నేనే."

"మీరు ముట్టుకున్నా తంతుందా?"

మాలకొండయ్య గేదె మెడలో పలుపు సవరించాడు.

"చెప్పు బాబాయ్," అన్నాడు మస్తాన్ నెమ్మదిగా. "ఊరందరికీ తెలిసిందేగా."

ఊరందరికీ తెలుసు, ఎవరూ అనరు. బొట్టుగేదెను దూడనాటి నుంచి సాకింది మాలకొండయ్య భార్య పేరమ్మ. ఆమె చెయ్యి తప్ప ఇంకో చేతికి అది పాలు చేపదు. పద్నాలుగు నెలల కిందట పేరమ్మ పోయింది. మూడు రోజులు గేదె పాలు బిగబట్టింది. నాలుగో రోజు మాలకొండయ్య దండెం మీది ఆమె చీర తీసి ఒంటికి చుట్టుకుని, కొంగు తలమీదికి లాక్కుని పొదుగు కింద కూర్చున్నాడు. గేదె తల తిప్పి కొంగు వాసన చూసి చేపింది. ఆ రోజు నుంచి రెండు పూటలా అంతే. పెదకర్మనాడు పేరమ్మ చీరలన్నీ ఆమె అక్కచెల్లెళ్లు పంచుకుపోయారు. ఆవపువ్వు రంగుది ఒక్కటి అతడు ఇవ్వలేదు. దాన్ని ఉతకలేదు. ఉతికితే వాసన పోతుంది. గేదె కోసమేనని అతడు అనుకుంటాడు.

ఇదంతా అతడు నాలుగు ముక్కల్లో చెప్పాడు. "ఆవిడ చీర కట్టుకుంటే నిలబడుద్ది."

విశ్వమోహనరావు కలం పక్కన పెట్టాడు. శిక్షణలో విన్నదేదో కళ్లెదుట కనబడిన వెలుగు ఆయన ముఖంలోకి వచ్చింది. "ప్రేరక వస్త్రం. రేపు తదుపరి చర్య నిమిత్తం సదరు వస్త్రంతో హాజరు కండి."

"అది ఇంటి వెనక కట్టుకునేదండి. పదిమందిలో కాదు."

"శాస్త్రానికి సిగ్గు లేదు," అన్నాడు విశ్వమోహనరావు.

మూడో రోజు పొద్దున్నే మాలకొండయ్య ఇంటికి వెళ్లి చీర సంచిలో పెట్టుకుని వచ్చాడు. వెనక చన్ను కూడా సగం బిగిసింది. వరండాలో పదిహేడు మంది పశువులతో కూర్చుని ఉన్నారు. అతడు వాళ్ల ముందే పంచె ఎగగట్టి, దానిపైన చీర చుట్టుకుని, కొంగు తలమీదికి లాక్కున్నాడు. బుగ్గ మీసాలు బయటికే ఉన్నాయి. మేకలాయన ఒకడు కిసుక్కున నవ్వాడు.

"నవ్వినోళ్లు అరవై నాలుగు ప్రశ్నలూ మళ్లీ చెప్పాల," అన్నాడు మస్తాన్. వరండా సద్దుమణిగింది.

గేదె కొంగు వాసన చూసింది. చాప మీద నాలుగు కాళ్లూ నిలదొక్కుకుంది. విశ్వమోహనరావు రెండు వేళ్లతో నొక్కాడు. దాని ఒంటిమీద తోలు వణికింది. కాలు కదల్లేదు. ఆయన అయిదు వేళ్లతో నొక్కాడు. మంచి చన్నుల నుంచి రెండు పాలచుక్కలు చాప మీద పడ్డాయి. కాలు కదల్లేదు.

"సంపూర్ణ సహకారం," అన్నాడాయన. "మొదటి శ్రేణి. ఇక సంరక్షకుల సంతకం. మొదట మాలకొండయ్య అని రాశాం. అది పొరపాటు."

"నా పేరు అదేనండి."

"కావచ్చు. అయితే సదరు పశువు తన ప్రవర్తన ద్వారా సంరక్షకురాలిగా గుర్తించింది పేరమ్మను. ఆమె సంతకం కావలెను."

"ఆవిడ పోయింది."

"రుజువు?"

మాలకొండయ్య చొక్కా జేబులోంచి మడతలు చిరిగిన మరణ ధ్రువపత్రం తీసి ఇచ్చాడు. అలాంటి కాగితాలు వెంట ఉంచుకోవాలని అతడు పద్నాలుగు నెలల్లో నేర్చుకున్నాడు. విశ్వమోహనరావు దాన్ని రెండువైపులా చూసి తిరిగి ఇచ్చేశాడు.

"ఇది మనుషుల శాఖవాళ్లు ఇచ్చింది. మనుషుల మధ్య చెల్లుతుంది. ఇక్కడ పశువు దృష్టే ప్రమాణం. పశువు దృష్టిలో పేరమ్మ సజీవురాలు. అంతే కాదు, ఇప్పుడు ఈ గదిలో హాజరై ఉంది. సంతకం పెట్టమనండి."

మాలకొండయ్య ధ్రువపత్రాన్ని మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"ఆవిడకు సంతకం రాదు," అన్నాడు మాలకొండయ్య. "వేలిముద్ర."

"వేలిముద్ర చెల్లుతుంది."

అయిదో తరగతి దాకా చదివి గుండ్రని అక్షరాలతో సంతకం చేయగలిగిన మాలకొండయ్య ఎడమ బొటనవేలు సిరాలో అద్ది పేరమ్మ పేరు మీద వేశాడు. చీరకు అంటకుండా వేలు పంచెకు తుడుచుకున్నాడు.

"ఇక డాక్టరుగారి దగ్గరికి తోలనాండి?"

"దేనికి?"

"పొదుగువాపుకు."

విశ్వమోహనరావు జాలిగా నవ్వాడు. "పొదుగువాపు ఉన్న పశువుకు నొప్పి ఉంటుంది. నొప్పి ఉన్న పశువు ముట్టుకుంటే తంతుంది. మొన్న మీరే చెప్పారు, రికార్డులో ఉంది. ఇప్పుడు తన్నలేదు. కాబట్టి నొప్పి లేదు. నొప్పి లేదు గనక వాపు లేదు. మా జోక్యంతో స్వస్థత చేకూరింది. అయిదో మేక తర్వాత మా తొలి గేదె."

"అయిదో మేక ఎక్కడిదండీ, నాలుగేగా," అన్నాడు మస్తాన్.

"గొర్రెను కలిపాం."

మాలకొండయ్య గేదె వైపు చూశాడు. అది నోరు మెదపకుండా నిలబడి ఉంది. పద్నాలుగు నెలల కిందట పట్నంలో పెద్దాసుపత్రి వరండాలో బల్ల మీద పేరమ్మ ఇలాగే కూర్చుంది. కడుపు పట్టుకుని, కొంగు నోట్లో కుక్కుకుని, చప్పుడు లేకుండా. అతడు కాగితం పట్టుకుని వరసలో మర్యాదగా నిలబడ్డాడు. అరిచినవాళ్లను ముందు పిలిచారు. కుర్చీ ఎత్తినవాళ్లను ఇంకా ముందు పిలిచారు. ఈ ముసలమ్మకు పెద్ద బాధ లేనట్టుందని నర్సు రాసుకుపోయింది. సాయంత్రానికి పిలుపు వచ్చింది. పేరమ్మ లేవలేదు. ఆ రోజు తను ఎవరినీ ఏమీ అనలేదన్న సంగతిని మాలకొండయ్య ఇంతవరకు క్షమించలేదు.

అతడు చీర విప్పాడు. నాలుగు మడతలు వేసి మస్తాన్ భుజం మీద పెట్టాడు. చొక్కా, ఎగగట్టిన పంచెతో గేదె ముందుకు వచ్చి నిలబడ్డాడు. గేదె అతణ్ణి చూసి ముక్కు ఎగరేసింది.

"అయ్యా, మీరు చదువుకున్నోళ్లు. ఇప్పుడొక్కసారి ముట్టుకోండి."

"అనవసరం. శ్రేణి ఖరారైంది."

"ఖరారైన శ్రేణి మారదు గదండీ. ముట్టుకుంటే ఏం పోయింది?"

ఇది విశ్వమోహనరావుకు సబబుగా తోచింది. ఆయన తాను వేసిన ముద్రను నమ్మే మనిషి. మొదటి శ్రేణి పశువు వెనక ధైర్యంగా వంగి, అరచేయి మొత్తం పెట్టి నొక్కాడు.

తన్ను మోకాలి చిప్ప మీద పడింది. ఆయన చాప మీద పడ్డాడు. అరుపుకు వరండాలో మేకలు తాళ్లు తెంపుకున్నాయి. డాక్టరు కిటికీ దగ్గరికి వచ్చాడు. మస్తాన్ ముందు చీరను జాగ్రత్తగా కొక్కేనికి తగిలించి, తర్వాత ఒక ఫారం తీసుకుని అధికారి పక్కన గొంతుక్కూర్చున్నాడు.

"పేరు చెప్పండి సార్."

"కాలు విరిగిందయ్యా. డాక్టరును పిలువు."

"మీ ప్రవర్తన చూడందే ఆయన ముట్టుకోకూడదు గదండీ. చిన్నప్పుడు తల్లి నించి ఎప్పుడు విడిపోయినారు?"

"నొప్పిగా ఉంది మస్తాన్."

"నొప్పి వేరే విభాగం సార్." మస్తాన్ ఆయన మోకాలి మీద రెండు వేళ్లు పెట్టాడు. అధికారి రెండో కాలితో మస్తాన్‌ని తన్నాడు. మస్తాన్ పక్కటెముకలు తడుముకుని రాసుకున్నాడు. "మూడో శ్రేణి."

తర్వాత ఆయన మెడలోంచి గుర్తింపు కార్డూ తాళంచెవీ తీశాడు, ఊపిరి ఆడాలని. మేకలాయన ఆటోలో అధికారిని పట్నం ఆసుపత్రికి పంపారు. అక్కడ ఆయన వరసలో చాలాసేపు ఉన్నాడని తర్వాత తెలిసింది.

బీరువా తెరుచుకుంది. మాలకొండయ్య మళ్లీ చీర చుట్టుకుని గేదె తల దగ్గర నిలబడి కొంగు దాని ముట్టెకు ఆనించాడు. డాక్టరు సూదులు వేసి, చన్నుల్లోకి మందు ఎక్కించాడు. ముందు చన్ను నొక్కి చూసి తల అడ్డంగా ఊపాడు.

"ఇది పోయింది పెద్దాయనా. మిగతా మూడూ దక్కుతాయి. రెండు రోజులు ముందుగా తీసుకొచ్చుంటే ఇదీ దక్కేది."

"మూడు రోజులుగా ఇక్కడే ఉన్నానండి," అన్నాడు మాలకొండయ్య.

డాక్టరు సూది కడగడం మొదలుపెట్టాడు.

రెండు నెలలకు చింతలగుడిపాడుకు ఒక పెద్ద కవరు వచ్చింది. మొత్తం మీద మూడు రాజముద్రలున్నాయి. తీవ్ర ప్రతికూల ప్రవర్తన గల పశువును శాంతియుత మార్గంలో మొదటి శ్రేణికి చేర్చిన శ్రీమతి పేరమ్మగారిని ఈ సంవత్సరపు ఉత్తమ సంరక్షకురాలిగా ఎంపిక చేయడమైనది. సభకు తాము స్వయంగా విచ్చేసి శాలువా స్వీకరించవలెను. రాలేని పక్షంలో తమ ఆరోగ్య పరిస్థితిని తెలియజేస్తూ వెంటనే జాబు రాయవలెను.

పోస్టుమాను చదివి వినిపించబోతే మాలకొండయ్య తనే చదువుకున్నాడు.

"ఏం జాబు రాస్తావ్ పెద్దయ్యా?"

"ఏం రాయను."

"తప్పు పడిందని రాయరాదూ? కావాలంటే ఆ కాయితం చింపి పారేయ్."

మాలకొండయ్య కాగితాన్ని మడిచి కవరులో పెట్టాడు. పొద్దు వాలుతోంది. పాలవేళ. చీర చుట్టుకుని, చెంబు తీసుకుని గేదె దగ్గరికి వెళ్లాడు. అది కొంగు వాసన చూసి మూడు చన్నులకూ చేపింది. పితకడం అయ్యాక అతడు కవరు తీసి మరొకసారి చూసి, మరణ ధ్రువపత్రం ఉన్న చొక్కా జేబులో కాకుండా కొట్టం చూరులో గేదె తలకు పైగా దోపాడు. పేరమ్మ బతికే ఉందని ప్రభుత్వం ముద్ర వేసి ఇచ్చిన కాగితం అదొక్కటే.